మనిషికీ జంతువుకీ మధ్య మూడో మనిషి

మహాభారత కథ ఇంకా సరిగ్గా మొదలుకాకముందే ఒక కుక్కపిల్లకు దెబ్బలు పడతాయి. జనమేజయుడు కురుక్షేత్రంలో సత్రయాగం చేస్తుంటే, దేవతల కుక్క సరమ కొడుకు సారమేయుడు ఆడుకుంటూ అటుగా వస్తాడు. హవిస్సు నాకలేదు, దానివైపు చూడనైనా లేదు. అయినా జనమేజయుడి తమ్ములు శ్రుతసేనుడు, భీమసేనుడు, ఉగ్రసేనుడు కలిసి దాన్ని కొడతారు. పిల్ల ఏడుస్తూ పోయి తల్లికి చెబుతుంది. సరమ నేరుగా రాజు ముందుకొచ్చి నిలదీస్తుంది. పదకొండో శతాబ్దంలో రాజమహేంద్రవరంలో ఈ కథను తెలుగు చేసిన నన్నయ ఆమె నోట పెట్టిన పద్యం ఇది:

తగు నిది తగ దని యెదలో
వగవక సాధులకుఁ బేదవారల కెగ్గుల్
మొగిఁ జేయు దుర్వినీతుల
కగు ననిమిత్తాగమంబు లయిన భయంబుల్

ఏది తగును, ఏది తగదు అని ఆలోచించకుండా మంచివాళ్లకూ పేదవాళ్లకూ కీడు చేసేవాళ్లకు, కారణం కనబడని భయాలు వచ్చిపడతాయని తాత్పర్యం. సంస్కృత మూలంలో సరమ శాపం ఒక్క వాక్యమే. ఏ అపకారమూ చేయని నా బిడ్డను కొట్టారు కాబట్టి కంటికి కనబడని భయం వస్తుందని చెప్పి ఊరుకుంటుంది. నన్నయ ఆ మాటను పేదలందరి తరఫున పెద్దది చేశాడు. దెబ్బలు తిన్న కుక్కపిల్లా, అన్యాయమైపోయిన పేదవాడూ ఆ పద్యంలో ఒకే పక్షాన నిలబడతారు. మనిషికీ జంతువుకీ ఉన్న అనుబంధం గురించి తర్వాత వెయ్యేళ్లలో వచ్చిన గొప్ప కథలు చాలావరకు ఆ పక్షానివే.

అదే భారతం చివరికొచ్చేసరికి ఇంకో కుక్క కనిపిస్తుంది. మహాప్రస్థానిక పర్వంలో పాండవులు ద్రౌపదితో కలిసి హస్తినాపురం విడిచి వెళుతుంటే అది వెంటపడుతుంది. దానికి పేరు లేదు. ధర్మరాజు పెంచిన కుక్క కూడా కాదు. దారిలో ద్రౌపది, సహదేవుడు, నకులుడు, అర్జునుడు, భీముడు వరసగా పడిపోతారు. మిగిలింది ధర్మరాజు, కుక్క. అప్పుడు ఇంద్రుడు రథం తెచ్చి ఎక్కమంటాడు. కుక్కను కూడా రానిమ్మంటే ఒప్పుకోడు. కుక్కలు ఉన్నవాళ్లకు స్వర్గంలో చోటు లేదంటాడు. తమ్ముళ్లనూ భార్యనూ వదిలేసి వచ్చినవాడివి, దీన్ని వదలడానికి ఏమిటి కష్టం అని పొడుస్తాడు.

ధర్మరాజు జవాబు చాలా స్పష్టంగా ఉంటుంది. వాళ్లు చనిపోయాక వదిలాను, బతికుండగా వదల్లేదు. చచ్చినవాళ్లను తిరిగి తేవడం నా చేతిలో లేదు. ఇది బతికే ఉంది, నన్నే నమ్ముకుని వచ్చింది. శరణన్నవాణ్ని విడిచిపెట్టడం, స్త్రీని చంపడం, బ్రాహ్మణుడి సొమ్ము దోచుకోవడం, మిత్రద్రోహం ఈ నాలుగూ కలిస్తే ఎంత పాపమో, నమ్మినదాన్ని వదిలేయడం కూడా అంతే పాపం అంటాడు. ఆ తర్వాతే ఆ కుక్క యమధర్మరాజుగా బయటపడుతుంది. ఈ కథ చెప్పేటప్పుడు చాలామంది ఆ చివరి మలుపు దగ్గరే ఆగుతారు, కుక్క రూపంలో వచ్చింది దేవుడే కదా అని తృప్తిపడతారు. అలా చదివితే కథ బలం పోతుంది. నిర్ణయం తీసుకున్న క్షణంలో ధర్మరాజు ముందున్నది వట్టి వీధికుక్క. దానికోసం స్వర్గం వదులుకోవడానికి సిద్ధపడ్డాడు. ఆ తర్వాత అది ఎవరైతే ఏమిటి?

ఈ ఘట్టం కట్టుబడిలో గమనించాల్సినది మూడో వ్యక్తి. మనిషి, జంతువు ఇద్దరే ఉంటే కథ లేదు. వాళ్లు నడుస్తూ పోతారు, అంతే. ఇంద్రుడు వచ్చి, ఇటు వస్తే స్వర్గం, దాన్ని వదిలితేనే అన్నప్పుడు ఆ అనుబంధానికి ధర ఎంతో తేలుతుంది. సాహిత్యంలో పెంపుడు జంతువుల కథల్ని వరసగా చదువుతూ పోతే ఈ మూడో వ్యక్తి మళ్లీ మళ్లీ ఎదురవుతాడు. ఒకచోట యజమానురాలు, ఒకచోట జమీందారు, ఇంకోచోట అప్పులవాడు. జంతువు మీద ప్రేమ ఉన్నవాడికి ఆ ప్రేమను నిలబెట్టుకునే హక్కు ఉందా లేదా అన్నది ఎప్పుడూ ఇతరులే తేలుస్తుంటారు. అందుకే ఈ కథలు జంతువుల గురించి ఎంత చెబుతాయో, మనుషుల మధ్య ఉన్న ఎక్కువతక్కువల గురించీ అంతే చెబుతాయి.

గ్రీకుల ఒడిస్సీలో కూడా ఇదే. ఇరవై ఏళ్ల తర్వాత ఒడిస్యూస్ బిచ్చగాడి వేషంలో తన ఇంటికే వస్తాడు. పేడకుప్ప మీద పడి ఉన్న ముసలి కుక్క ఆర్గోస్ అతణ్ని గుర్తుపట్టి తోక ఊపుతుంది, చెవులు వాలుస్తుంది, దగ్గరికి రావడానికి మాత్రం ఒంట్లో శక్తి లేదు. దాది అతణ్ని కాలి మచ్చ చూసి గుర్తుపట్టింది. భార్య మంచం రహస్యం అడిగి గానీ నమ్మలేదు. కుక్కకు ఏ ఆనవాలూ అవసరం పడలేదు. కానీ ఇంటినిండా శత్రువులు తిష్ఠ వేసి ఉన్నారు కాబట్టి ఒడిస్యూస్ దాన్ని పలకరించలేడు. పక్కనున్న పందుల కాపరికి కనబడకుండా కన్నీళ్లు తుడుచుకుని లోపలికి వెళ్లిపోతాడు. ఆర్గోస్ అక్కడే ప్రాణం వదులుతుంది. ఒడిస్యూస్ రాజు. రాజ్యం తిరిగి దక్కించుకుంటాడు, వచ్చి కూర్చున్నవాళ్లందర్నీ చంపుతాడు. రాజు కానివాడికి ఇదే గతి పడితే ఏమవుతుందో చెప్పడానికి ఇంకా చాలా శతాబ్దాలు పట్టింది.

చెప్పినవాళ్లలో ముందు నిలిచేవాడు రష్యన్ రచయిత తుర్గేనెవ్. తోటి రచయిత గోగోల్ చనిపోయినప్పుడు రాసిన నివాళికి శిక్షగా 1852లో నిర్బంధంలో ఉన్నప్పుడు ఆయన 'ముము' కథ రాశాడు. అది 1854లో అచ్చయింది. గెరాసిమ్ పుట్టు మూగ, చెవిటి. నలుగురి పని ఒక్కడే చేయగల బలశాలి. పల్లెలో పొలం పని చేసుకుంటున్నవాణ్ని యజమానురాలు మాస్కోకు రప్పించి వాకిలి కాపలాకు పెడుతుంది. అతను బట్టలుతికే తత్యానా మీద మనసు పడితే, ఆ పిల్లను ఒక తాగుబోతుకు కట్టబెడుతుంది. వాళ్లను సాగనంపి తిరిగి వస్తుంటే నది ఒడ్డున బురదలో కొట్టుకుంటున్న కుక్కపిల్ల దొరుకుతుంది. గెరాసిమ్ నోట వచ్చే శబ్దం ఒక్కటే, అదే దాని పేరయింది.

ఆ తర్వాత జరిగేదాన్ని తుర్గేనెవ్ ఎంత నిదానంగా చెబుతాడో చూడాలి. ఒకరోజు యజమానురాలికి కుక్క కనబడుతుంది, ముచ్చటపడి దగ్గరికి తీయబోతే అది పళ్లు చూపిస్తుంది. అంతే, ఆమెకు మనసు విరిగింది. నౌకర్లు కుక్కను ఎత్తుకుపోయి అమ్మేస్తే మెడలో తెగిన తాడుతో తిరిగొస్తుంది. గెరాసిమ్ దాన్ని గదిలో దాచి రాత్రిపూట బయటికి తీసుకెళుతుంటాడు. అది మొరుగుతుందని అతనికి తెలియదు, వినబడదు కదా. చివరికి కుక్కను వదిలించమని హుకుం వచ్చినప్పుడు ఆ పని తానే చేస్తానని సైగ చేస్తాడు. పండగ బట్టలు వేసుకుని, దాన్ని ఒక పూటకూటింటికి తీసుకెళ్లి మాంసం కలిపిన సూప్ పెడతాడు. పడవలో నది మధ్యకు వెళ్లి, రెండు ఇటుకలు కట్టి వదిలేస్తాడు. అతనికి చప్పుడేమీ వినబడదు.

యజమానురాలు కథంతటా ఒక్కసారి కూడా కొరడా ఎత్తదు. అలుగుతుంది, నిద్రపట్టలేదంటుంది, నీరసం నటిస్తుంది. మిగతాదంతా చుట్టూ ఉన్న నౌకర్లే చేసిపెడతారు. అధికారం ఎలా పనిచేస్తుందో ఇంత నిశితంగా చూపిన కథలు తక్కువ. ఆ పాత్రకు తుర్గేనెవ్ తల్లి వర్వారా పెత్రోవ్నాయే మూలం. ఆమె దగ్గర ఆంద్రేయ్ అనే మూగ నౌకరు ఉండేవాడు, అతని కుక్కకూ అదే గతి పట్టింది. కానీ నిజజీవితంలో ఆంద్రేయ్ యజమానురాలు పోయేదాకా ఆమెను కనిపెట్టుకునే ఉన్నాడు. కథలో గెరాసిమ్ మాత్రం కుక్కను ముంచిన రాత్రే మూట కట్టుకుని, ఎవరినీ అడక్కుండా, తన పల్లెకు నడిచిపోతాడు. ప్రేమించిన మనిషిని లాక్కున్నప్పుడు భరించినవాడు, కుక్క పోయాక భరించలేదు. తుర్గేనెవ్ మార్చింది ఆ ఒక్క సంగతే, కానీ కథ మొత్తం దానిమీదే నిలబడింది. రష్యాలో వెట్టి రైతులకు విముక్తి 1861లో వచ్చింది. గెరాసిమ్ ఏడేళ్ల ముందే కాగితాల మీద నడిచి వెళ్లిపోయాడు.

శరత్‌చంద్ర ఛటర్జీ 1920ల్లో బెంగాలీలో రాసిన 'మహేశ్' తెలుగు పాఠకుడికి ఇంకా దగ్గరగా తగులుతుంది. చక్రపాణి లాంటివాళ్ల అనువాదాల పుణ్యమా అని శరత్‌ను తెలుగు రచయితే అనుకున్న తరం ఒకటి ఉంది. పైగా ఈ కథలో ఉన్నది కరువు, గడ్డి లేని ఎద్దు, నీళ్లు లేని ఊరు. అనంతపురం, కర్నూలు వైపు గొడ్లను మేపలేక సంతకు తోలుకుపోయిన ఏ ఇంట్లోనైనా ఈ కథకు పరిచయ వాక్యం అక్కర్లేదు.

కాశీపూర్ అనే బెంగాలీ పల్లెలో గఫూర్ పేద ముస్లిం రైతు. ఉన్నది కూతురు అమీనా, ముసలి ఎద్దు మహేశ్. పంట పోయింది, దక్కిన గడ్డిని బాకీ కింద జమీందారు పట్టుకుపోయాడు. ఊరి పురోహితుడు తర్కరత్న వచ్చి, హిందువుల ఊళ్లో గోవు చస్తే జమీందారు నిన్ను బతకనివ్వడని బెదిరిస్తాడు. కాస్త గడ్డి అప్పివ్వమంటే మాత్రం తప్పుకుపోతాడు. గఫూర్ తన ఇంటి కప్పులోంచి గడ్డి పీకి ఎద్దుకు వేస్తాడు. జ్వరమని కూతురికి అబద్ధం చెప్పి తన అన్నం దానికి పెట్టిస్తాడు. మహేశ్ ఎవరి తోటలోనో పడిందని బందెలదొడ్డికి తోలితే, ఇంట్లో ఉన్న ఒక్క కంచం తాకట్టు పెట్టి విడిపించుకొస్తాడు. మర్నాడు కసాయివాళ్లు డబ్బు పట్టుకుని వస్తారు. బయానా తీసుకుని కూడా, తాడు విప్పే వేళకు వాళ్లను వెళ్లగొడతాడు.

ఊరందరి నోటా గోభక్తి ఉంది. గడ్డి పెట్టేవాడు ఒక్కడే, అతను ముస్లిం. శరత్ ఈ మాట ఎక్కడా నోరు విప్పి చెప్పడు. వరసగా జరిగినవి చూపిస్తాడు, అంతే. ఎండాకాలంలో అమీనా నీళ్లకు వెళితే చెరువును ముట్టుకునే హక్కు లేదు. ఎవరైనా దయతలచి కుండలో పోసేదాకా నిలబడాలి. అలా తెచ్చిన కుండను దాహంతో ఉన్న మహేశ్ పొడిచి పగలగొడుతుంది. కారిపోతున్న నీళ్లను నాకుతుంటే, అప్పుడే జమీందారు కచేరీలో దెబ్బలు తిని వచ్చిన గఫూర్ ఒళ్లు తెలియని కోపంలో విరిగిన నాగలి ముక్క తీసి దాని తలమీద కొడతాడు. కన్నబిడ్డలా చూసుకున్నదాన్ని చేజేతులా చంపుకుంటాడు. అర్ధరాత్రి కూతుర్ని లేపి, ఎన్నడూ వెళ్లనన్న జనపనార మిల్లులో కూలికి బయల్దేరతాడు. మహేశ్‌ను కట్టేసే తుమ్మచెట్టు కింద నిలబడి అతను చేసే ప్రార్థన భారతీయ కథాసాహిత్యంలో మరిచిపోలేనిది. నన్ను ఎలాగైనా శిక్షించు, నా మహేశ్ దాహంతో పోయింది, నువ్విచ్చిన గడ్డినీ నువ్విచ్చిన నీళ్లనూ దానికి అందకుండా చేసినవాళ్లను మాత్రం క్షమించకు అంటాడు. అందులో అతను తనకోసం అడుక్కున్నది ఏదీ లేదు.

గెరాసిమ్, గఫూర్ ఇద్దరూ తమ చేతులతోనే చంపారు. ఒకడు తెలిసి, ఒకడు తెలియక. ఇద్దరూ ఆ రాత్రే ఇల్లు విడిచారు. ఒకడు నగరం నుంచి పల్లెకు, ఇంకొకడు పల్లె నుంచి మిల్లుకు. గెరాసిమ్‌కు తిరిగి వెళ్లడానికి పొలమైనా మిగిలింది. గఫూర్‌కు అదీ లేదు. ఎద్దు చచ్చిన రోజున అతను రైతు కాకుండా పోయాడు. కుక్క పోతే తోడు పోతుంది, ఎద్దు పోతే తోడుతో పాటు వృత్తి, పరువు, ఊరు అన్నీ పోతాయి. మన సాహిత్యంలో పెంపుడు జంతువు అనగానే కుక్కా పిల్లీ కన్నా ముందు ఎద్దూ ఆవూ గుర్తుకు రావడానికి కారణం ఇదే. రైతు ఇంట్లో ప్రేమనూ జీవనాధారాన్నీ విడదీయడం కుదరదు. ఇది తక్కువ రకం ప్రేమ అనేవాళ్లు కొట్టంలో ఒక రాత్రి పడుకుని చూడాలి.

ప్రేమ్‌చంద్ హిందీ కథ 'పూస్ కీ రాత్' (పుష్యమాసపు రాత్రి)లో మూడో మనిషి మొదటి పేజీలోనే వచ్చి వెళ్లిపోతాడు. హల్కూ కంబళి కోసం దాచిన మూడు రూపాయలు అప్పులవాడు పట్టుకుపోతాడు. ఇక మిగిలిన కథంతా చలి. పొలం కాపలాలో హల్కూ, జబ్రా అనే కుక్క ఒకరినొకరు కావలించుకుని వెచ్చదనం వెతుక్కుంటారు. నీల్‌గాయ్‌ల మంద పడి చేను తినేస్తుంటే జబ్రా తెల్లవార్లూ మొరుగుతూనే ఉంటుంది. హల్కూ లేచి రెండడుగులు వేసి వెనక్కి వస్తాడు. పొద్దున చేను నాశనమైపోయిందని భార్య ఏడుస్తుంటే, ఇక రాత్రిపూట చలిలో పడుకోనక్కర్లేదని అతను స్థిమితపడతాడు. కుక్క తన ధర్మం తప్పలేదు. మనిషిని ఆ ధర్మం మీద ఆశ లేని స్థితికి తెచ్చింది ఎవరో మొదటి పేజీలో చదివాం.

ఈ కథలన్నిటిలో మనం మనిషి వైపు నుంచే చూస్తాం. తకళి శివశంకర పిళ్లై మలయాళ కథ 'వెళ్ళపొక్కత్తిల్' (వరదలో) దాన్ని తిరగేస్తుంది. కేరళలోని కుట్టనాడులో వరద. చెన్నన్ అనే పేద కూలీ పెళ్లాంపిల్లలతో పడవెక్కి వెళ్లిపోతాడు. కుక్క ఇంటి కప్పు మీద ఉండిపోతుంది. పడవలు దూరంగా పోతుంటే అది చూస్తుంది, మొరుగుతుంది, ఏడుస్తుంది. అరటిగెల దొంగిలించడానికి వచ్చినవాళ్లను అడ్డుకుంటుంది. తనను వదిలేసి పోయినవాడి సొమ్ముకు అది కాపలా కాస్తుంది. నీళ్లు తీశాక చెన్నన్ వెతుక్కుంటూ వస్తాడు. ఒక కళేబరం కనబడుతుంది. అది తన కుక్కేనేమో అనిపిస్తుంది, కానీ చెవి ఒకటి తెగిపోయింది, తోలు కుళ్లి రంగు తెలియడం లేదు. ఇంద్రుడి మాట విని ధర్మరాజు రథమెక్కి ఉంటే ఆ కుక్క కథ ఎలా ఉండేదో తకళి రాశాడు అనుకోవచ్చు. చెన్నన్ దుర్మార్గుడేమీ కాదు. పిల్లలతో పడవెక్కే తొందరలో అది వెనకబడిపోయింది. అందుకే ఈ కథలో ఎవరినీ తిట్టి మనసు తేలికపరచుకోవడానికి వీలుండదు.

తెలుగు పద్యసంప్రదాయంలో కుక్కకు దక్కిన గౌరవం తక్కువే. కనకపు సింహాసనం మీద కూర్చోబెట్టినా శునకానికి వెనకటి గుణం మానదని సుమతీ శతకం పిల్లలకు నేర్పింది. ఆవు, ఏనుగు, హంస, చిలక కావ్యాల్లో హాయిగా తిరిగాయి. పందికి, గాడిదకు తిట్లలో తప్ప చోటు లేదు. ఏ జంతువును ఏ కులం పెంచుతుందో, ఆ కులానికి ఉన్న స్థానమే ఆ జంతువుకూ దక్కింది. ఈ గోడను మొదట గట్టిగా కదిలించింది జాషువా. 1941లో వచ్చిన 'గబ్బిలం'లో గుడిలోకి రానివ్వని అంటరానివాడు తన కష్టం శివుడికి చెప్పమని గుడిసెలోకి వచ్చిన గబ్బిలాన్ని పంపుతాడు. కాళిదాసు యక్షుడికి మేఘం దొరికింది, ఇతనికి అందరూ అశుభమనే గబ్బిలం దొరికింది. దానికి గర్భగుడిలో వేలాడే స్వేచ్ఛ ఉంది, మనిషికి గడప దాటే హక్కు లేదు. ఇది పెంపుడు జంతువు కాదు గానీ, మనుషులు వెలివేసినవాడికి దగ్గరగా వచ్చిన ప్రాణి అదొక్కటే.

ఆ దారిలో కేశవరెడ్డి ఇంకా ముందుకు వెళ్లారు. చిత్తూరు జిల్లాలో పుట్టి, నిజామాబాద్ దగ్గర డిచ్‌పల్లి కుష్ఠు ఆసుపత్రిలో వైద్యుడిగా పనిచేసిన ఆయన 'అతడు అడవిని జయించాడు' నవలికలో పందులు కాచుకునే ముసలివాణ్ని నాయకుణ్ని చేశారు. ఈనడానికి సిద్ధంగా ఉన్న పంది అడవిలో తప్పిపోతే ఆ ముసలివాడు బల్లెం పట్టుకుని వెతుక్కుంటూ పోతాడు. ఇందులో జమీందారు లేడు, అప్పులవాడు లేడు. అడవి, రాత్రి, మాటువేసిన నక్కలు. అన్నిటికన్నా కష్టమైన సంగతి వేరే ఉంది. పిల్లల్ని పెట్టిన పందికి ఇప్పుడు అతను యజమాని కాదు, పిల్లల దగ్గరికొస్తున్న ఇంకో ప్రాణి మాత్రమే. అది అతని మీదికి దూకుతుంది. దేన్ని కాపాడటానికి వచ్చాడో దాన్నే చంపాల్సి వస్తుంది. ఇక పిల్లల్నైనా దక్కించుకోవాలన్న పోరు మొదలవుతుంది.

ఈ నవలికను గఫూర్ కథ పక్కన పెట్టి చదివితే తేడా తెలుస్తుంది. మహేశ్ మనకు జాలి పుట్టిస్తుంది. కేశవరెడ్డి పంది జాలి అడగదు. దానికి తనదంటూ ఒక ధర్మం ఉంది, అది తల్లి ధర్మం, మనిషితో ఉన్న బంధం దానిముందు నిలవదు. విశ్వాసం ఒక్కటే జంతువు గుణమన్నట్టు రాసిన వందల కథల మధ్య ఈ చూపు అరుదైనది. మనిషి కోసమే బతికే జంతువును చూపడం తేలిక. తనకోసం తాను బతికే జంతువును ప్రేమించిన మనిషిని చూపడానికి ఇంకా పెద్ద గుండె కావాలి. తర్వాత 'మునెమ్మ'లో ఆయన ఒక స్త్రీనీ, ఆమెతో పాటే ఆమె భర్త చేతిలో దెబ్బలు తిన్న బొల్లిగిత్తనూ జంటగా నడిపించారు. ఆ భర్తను చంపినవాళ్లను వెతుక్కుంటూ ఇద్దరూ బయల్దేరతారు. కొట్టినవాడి కోసమే వాళ్ల ప్రయాణం. ఈ సంగతి మీద తెలుగులో వాదోపవాదాలు జరిగాయంటే ఆశ్చర్యం లేదు.

మూడో మనిషి ఉన్నా విషాదం లేని కథ కూడా ఒకటి చెప్పుకోవాలి. వైకం ముహమ్మద్ బషీర్ 1959లో మలయాళంలో రాసిన 'పాతుమ్మ మేక'. చెల్లెలు పాతుమ్మ మేక రోజూ బషీర్ ఇంటికి వచ్చి, దొరికిందల్లా తింటుంది. ఆయన రాసిన 'బాల్యకాలసఖి' కాపీని, 'శబ్దాలు' కాపీని కూడా నమిలేస్తుంది. అక్కడా అప్పు ఉంది. పాతుమ్మ భర్త బషీర్ తమ్ముడికి బాకీ పడితే, అతను గొడవ చేయకుండా ఉండటానికి పాతుమ్మ మేకపాలు పంపుతుంది. ఇంట్లో మిగతావాళ్లు ఆమెకు తెలియకుండా అదే మేకను పితుక్కుంటారు. చేతిలో పైసా లేని ఇల్లు, ఎడతెగని పేచీలు, నిండా పిల్లలు, మధ్యలో మేక. ఆ ఇంట్లో ఎవరూ మేకను వదలమనలేదు. అప్పూ పేదరికమూ గఫూర్ ఇంట్లోలాగే ఉన్నా, మేకను తమలో ఒకరిగా చూసే జనం ఇంటినిండా ఉన్నారు. గఫూర్‌కు ఊళ్లో దొరకంది అదే.